నకలు రాసిన చేతులు

ఈమధ్య ఒక ఊళ్లో శాఖా గ్రంథాలయానికి వెళ్లాను. ఊరి పేరు అనవసరం, ఎక్కడికి వెళ్లినా ఇదే వరస. చదువుకునే గదిలో కుర్చీ ఖాళీ లేదు. గ్రూప్-2 వాళ్లు, డీఎస్సీ వాళ్లు, కానిస్టేబుల్ పరీక్షకు కట్టినవాళ్లు. ఎవరి ముందు వాళ్ల సొంత పుస్తకాలు. గ్రంథాలయం నుంచి వాళ్లు వాడుకుంటున్నవి ఫ్యాను, కరెంటు ప్లగ్గు, కాస్త నిశ్శబ్దం. తప్పేమీ లేదు, ఇంట్లో అవి కరువయ్యే కదా వచ్చారు. నా కళ్లు మాత్రం గోడవారగా ఉండాల్సిన కార్డుల బీరువా కోసం వెతికాయి. ఆ చోట మంచినీళ్ల డబ్బా ఉంది.

"బీరువా ఏదండీ?" అనడిగాను.

"అదంతా కంప్యూటర్లోకి ఎక్కించేశారండి."

"కంప్యూటరో?"

"రిపేరుకెళ్లిందండి."

అలాంటి బీరువాను చూడనివాళ్లు ఇప్పుడు చాలామందే ఉంటారు. వరసలు వరసలుగా చిన్న చిన్న సొరుగులు, ఒక్కోదానికి ఇత్తడి పిడి, పిడి మీద అక్షరం రాసిన చీటీ. సొరుగు లాగితే కిర్రుమంటూ మూరెడు బయటికొచ్చేది. లోపల కార్డులు, కార్డుల అడుగున చిల్లుల గుండా ఒక ఇనుప చువ్వ. ఎవరూ కార్డు పీక్కుపోకుండా ఆ ఏర్పాటు. పాత కార్డుల మీద ఒకే గ్రంథపాలకుడి దస్తూరీ ఏళ్ల తరబడి కనిపించేది. మొదట గుండ్రంగా, ఉద్యోగం చివరికొచ్చేసరికి వణుకుతూ. ఏ కార్డు అంచు నల్లగా మాసి ఉంటే ఆ పుస్తకానికి అంత గిరాకీ అన్నమాట. డిటెక్టివ్ నవలల సొరుగు నూనె పట్టినట్టుండేది. స్థానిక చరిత్ర సొరుగు మల్లెపువ్వు.

ఆ మల్లెపువ్వు సొరుగు లాగేవాళ్లం ప్రతి తాలూకాలోనూ నలుగురైదుగురం ఉండేవాళ్లం. కాలేజీ లెక్చరర్లు, రిటైరైన హెడ్మాస్టర్లు, ప్రాక్టీసు అంతంతమాత్రంగా ఉన్న ప్లీడర్లు, ఎక్కడో ఒక పోస్టుమాస్టరు. రాజవంశాల జోలికి పోయేవాళ్లం కాదు, అది పెద్దల పని. ఒక చెరువు ఎవరు తవ్వించారు, ఫలానా సంత ఎందుకు ఎత్తిపోయింది, ఈ ఊళ్లో సాలెవాళ్లు ఎక్కడినుంచి వచ్చారు, ఇలాంటి ప్రశ్నలు మావి. వీటికి జీతం లేదు, ప్రమోషన్ లేదు. ఇంట్లో ఆడవాళ్ల దృష్టిలో ఇది పేకాట కన్నా నయం, అంతవరకే.

* * *

పనిముట్లు ఏపాటివి! ఒక దస్తా తెల్లకాగితాలు, రెండు పెన్సిళ్లు, చెక్కుకోవడానికి సగం బ్లేడు, రబ్బరు బ్యాండ్లు, ఒక చెప్పుల అట్టపెట్టె. చీటీలు మాత్రం కొన్నవి కావు. పెళ్లిళ్ల సీజన్లో వచ్చిన శుభలేఖలను నాలుగు ముక్కలు చేసి వెనకవైపు వాడేవాళ్లం. మంచి దళసరి అట్ట, ఏళ్లు గడిచినా చెక్కుచెదరదు. నా అట్టపెట్టెలో ఇప్పటికీ కొండవీటి సీమ పన్నుల వివరాలకు వెనకవైపు ఎవరిదో సుముహూర్తం ఉంటుంది.

చీరాల పక్కన వేటపాలెంలో సారస్వత నికేతనం మాకు పుణ్యక్షేత్రం లాంటిది. 1918లో ఊరివాళ్లు పెట్టుకున్న గ్రంథాలయం. గాంధీగారి చేతికర్ర అక్కడ భద్రంగా ఉంది. కానీ మేం వెళ్లేది కర్ర కోసం కాదు, పాత పత్రికల కోసం. ప్యాసింజరు దిగి నడిచి వెళుతుంటే దారి పొడుగునా మగ్గాల చప్పుడు, జీడిపప్పు కాల్చే వాసన. గ్రంథాలయంలో అడుగుపెడితే కలరా ఉండల వాసన. ఆ రెండు వాసనల నడుమే నేను పందొమ్మిదో శతాబ్దం చదువుకున్నాను.

పాత సంపుటాన్ని అటెండరు రెండు చేతులతో మోసుకొచ్చి బల్లమీద పెట్టేవాడు. "మాస్టారూ, పెన్సిలే. ఇంకు బయటికి తీయొద్దు," అని ప్రతిసారీ చెప్పేవాడు, ప్రతిసారీ కొత్తగా చెబుతున్నట్టే. పేజీ తిప్పితే అంచులు విరిగి ఒళ్లో పడేవి. జిరాక్సు మెషిన్లు వచ్చిన కొత్తలో కూడా పాత బైండ్లను దానిమీద పరచనిచ్చేవారు కాదు, వెన్ను విరుగుతుందని. కాబట్టి చేత్తో రాసుకోవడమే. ముఖ్యమైన పాఠమైతే ఇద్దరం కూర్చునేవాళ్లం. ఒకరు లోగొంతుతో చదివితే ఒకరు రాయడం, తర్వాత రాసినవాడు చదివితే చదివినవాడు మూలంలో వేలు పెట్టి సరిచూడడం. పక్కబల్ల దగ్గర దినపత్రిక చదివే పెద్దమనిషి విసుక్కుని కుర్చీ మార్చుకునేవాడు.

చేత్తో రాస్తే బుర్రకు ఎక్కుతుందని చాలామంది అంటారు. నాకంత నమ్మకం లేదు. మధ్యాహ్నం రెండు దాటాక రాసినవేవీ నా బుర్రకు ఎక్కలేదు. దానివల్ల తెలిసొచ్చిన సంగతి వేరే ఉంది. మనం చదివేది కూడా ఇలాగే ఎవడో ఒకడు, మధ్యాహ్నం రెండు దాటాక, నిద్ర ఆపుకుంటూ రాసిందేనని.

* * *

ఈ మాటకు కైఫీయతులకు, అంటే ఊళ్ల చరిత్ర రాసిన పాత కాగితాలకు, మించిన సాక్ష్యం లేదు. మా పనికి అవే మూలధనం. కాలిన్ మెకంజీ సర్వే పనిమీద దక్షిణాది తిరుగుతూ ఊరూరా కరణాల దగ్గరున్న కవిలెల్లోని సంగతులు రాయించాడు. పేరు ఆయనది, కాళ్లు మనవాళ్లవి. ఏలూరుకు చెందిన కావలి సోదరులు బొర్రయ్య, లక్ష్మయ్య, రామస్వామి, వాళ్లకింద ఎందరో గుమాస్తాలు ఎండనక వాననక తిరిగి పోగుచేసిన కాగితాలవి. 1803లో బొర్రయ్య చిన్నవయసులోనే పోతే లక్ష్మయ్య ఆ భారం నెత్తికెత్తుకున్నాడు. 1821లో మెకంజీ కన్నుమూశాక కాగితాలు చెల్లాచెదురై, తెలుగువాటిలో పెద్దభాగం చివరికి మద్రాసులో తేలాయి. అవి పాడైపోతున్నాయని సి.పి. బ్రౌన్ చాలావాటికి నకళ్లు రాయించాడు. మద్రాసు ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారంలో ‘లోకల్ రికార్డ్స్’ అని పరిశోధకులు చెప్పుకునే సంపుటాలు అలా పుట్టినవే.

ఇప్పుడు చేతులు లెక్కపెట్టండి. తాతలనాటి కవిలె రాసింది ఒక చెయ్యి. దాన్ని చూసి గుమాస్తాకు చెప్పింది మనవడు. విని రాసుకుంది గుమాస్తా. దానికి బ్రౌన్ దొర కొలువులో నకలు రాసింది ఇంకొకరు. అక్కడినుంచి దస్తా కాగితాల మీద పెన్సిలుతో ఎక్కించుకుంది నేను. ఒక్కో చెయ్యి మారినప్పుడల్లా ఏదో ఒకటి జారుతుంది. పుట్లు తూములవుతాయి, ఊరిపేరు చివర పాలెం పాడు అవుతుంది, సంవత్సరం పేరు ఒకటి, శకం అంకె ఇంకొకటి అవుతుంది.

మా గురువుగారికి ఈ విషయంలో చాదస్తం ఉండేది. ప్రతి చీటీ నెత్తిన సంగతి కన్నా ముందు దాని వంశవృక్షం రాయాలనేవారు. ఏ సంపుటం, ఏ పుట, మూలమా నకలా, రాసినవాడి దస్తూరీ ఒకటేనా మధ్యలో మారిందా. అది లేని చీటీ చూపిస్తే చదవను కూడా చదివేవారు కాదు. "ఎవరింటినుంచి తెచ్చావో చెప్పని పిల్లను కోడల్ని చేసుకుంటామా?" అనేవారు. ఆ పోలిక ఇప్పుడు వింటే చిరాకేస్తుంది. ఆ అలవాటు మాత్రం నాకు పోలేదు.

చేతుల లెక్క తెలిస్తే చేతివాటమూ తెలుస్తుంది. గుంటూరు సీమ కైఫీయతులు వరసగా నాలుగు చదవండి. పూర్వం గోపరాజు రామన్న అనే మంత్రిగారు నియోగులకు కరణికపు మిరాసీ ఇచ్చారన్న మాట ఊరూరా తగులుతుంది, దాదాపు అవే మాటల్లో. ఊరి చరిత్ర చెప్పమంటే కరణంగారు ముందుగా తన హక్కుపత్రం చదివాడన్నమాట. అందులో ఆశ్చర్యమేముంది? కొత్తగా వచ్చిన దొరల ప్రభుత్వం ఎవరి మిరాసీ ఉంచుతుందో ఎవరిది ఊడబీకుతుందో తెలియని రోజులు. దాన్ని అబద్ధమని కొట్టిపారేసేవాళ్లనూ చూశాను, వేదంలా పట్టుకున్నవాళ్లనూ చూశాను. రాసిన చెయ్యి ఎవరిదో మర్చిపోనంతకాలం అది పనికొచ్చే కాగితమే.

* * *

పత్రికలది మరో వేట. 1922లో రాజమండ్రిలో పుట్టిన ఆంధ్రేతిహాస పరిశోధక మండలి తన పత్రికతోపాటు కాకతీయ సంచిక, రెడ్డి సంచిక లాంటివి తెచ్చింది. హైదరాబాదులో లక్ష్మణరాయ పరిశోధక మండలి 1935లో ‘తెలంగాణా శాసనములు’ అచ్చువేసింది. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారి ‘భారతి’ 1924 నుంచి 1991 దాకా నడిచింది. ఇవన్నీ ఒకచోట ఉన్న ఇల్లు గాని లైబ్రరీ గాని నేనెరగను. ఒక వ్యాసం మొదటి భాగం వేటపాలెంలో, రెండో భాగం రాజమండ్రి గౌతమీ గ్రంథాలయంలో, మూడోది హైదరాబాదు అఫ్జల్‌గంజ్‌లో. తీరా అక్కడికి వెళితే సరిగ్గా ఆ నెల సంచిక బైండింగుకు పోయుండేది. లేకపోతే కావలసిన నాలుగు పేజీలు ఎవడో బ్లేడుతో కోసుకుపోయుండేవాడు. వాడూ మాలాంటివాడే అయ్యుంటాడు, అదే బాధ.

‘భారతి’ పాత సంపుటం తిరగేస్తుంటే శాసన పాఠం పక్కనే అమృతాంజనం ప్రకటన. పత్రికా, ఆ డబ్బీ రెండూ పంతులుగారివే మరి. వెతుకుతున్న వ్యాసం కన్నా ఆ ప్రకటనలే ఒక్కోసారి ఎక్కువ చెప్పేవి. ఏ జబ్బుకు జనం భయపడేవారు, ఏ ఊళ్లో హోటలు పెట్టారు, వితంతువుల బడికి చందాలు ఎవరిచ్చారు. సురవరం ప్రతాపరెడ్డిగారి ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’ 1949లో వచ్చింది, 1955లో సాహిత్య అకాడెమీ బహుమతి పొందింది. కావ్యాల్లోంచి తిండి, బట్ట, జూదం, ఆటలు ఏరవచ్చని ఆ పుస్తకం చూపించాక మాకు కళ్లు తెరుచుకున్నాయి. క్రీడాభిరామాన్ని అప్పటిదాకా పద్యాల కోసం చదివినవాళ్లం ఓరుగల్లులో అంగళ్లు ఎక్కడున్నాయో చూడ్డానికి మళ్లీ చదివాం.

* * *

కాగితాల దగ్గర ఉన్నంత ప్రశాంతత శాసనాల రాళ్ల దగ్గర ఉండదు. ప్రభుత్వ శాసన విభాగం వార్షిక నివేదికల్లో మన ఊరి రాయికి ఒక నెంబరు, ఇంగ్లీషులో రెండు వాక్యాలు ఉండేవి. దానం ఇచ్చాడు, ఫలానా రాజు కాలం, అంతే. పూర్తి పాఠం ఎప్పుడు అచ్చవుతుందో చెప్పడం ఎవరి తరమూ కాదు. మద్రాసు రాజధానిలోని తెలుగు శాసనాల సంపుటం 1948లో వచ్చింది, అందులో చేరినవాటి అదృష్టం అది. తక్కినవాటి కోసం మనమే ఊరికి పోవాలి.

పోతే రాయి మీద నాలుగు పొరల సున్నం. లేకపోతే పసుపు పూసి బొట్టు పెట్టి పోతురాజుగా కొలుస్తుంటారు. దేవుడి మీద కొబ్బరిపీచు వేసి తోముతానంటే ఊరుకుంటారా? ముందు పెద్దమనుషులను ఒప్పించాలి, తర్వాత పూజారిని, ఆ తర్వాత చుట్టూ మూగిన పిల్లలను. "ఎన్ని బారల లోతున ఉందని రాశారు?" అని ఎవరో ఒకరు చెవిలో అడిగేవారు. నిక్షేపం కాకపోతే పట్నంనుంచి పనిగట్టుకుని ఎవడొస్తాడు! ఒక ఊళ్లో శాసనపు పలక చాకిరేవు బండగా ఉంది. రాజుగారి బిరుదులన్నీ బట్టల దెబ్బకు అరిగిపోయాయి. నిజానికి దానివల్ల ఊరికి జరిగిన ఉపకారం ఆ బిరుదుల కన్నా ఎక్కువే.

అచ్చు తీయడం ఒక పద్ధతి. రాయి కడిగి, తడిపిన కాగితం పరిచి, బిరుసు బ్రష్షుతో కొడుతూ పోవాలి, కాగితం అక్షరాల గుంటల్లోకి దిగేదాకా. దబ్ దబ్ దబ్, ఆ మోతకు కుక్కలు మొరిగేవి. తర్వాత గుడ్డ ఉండతో మసి అద్దితే రాతి పైభాగం నల్లబడి, గుంటల్లో అక్షరాలు తెల్లగా మిగులుతాయి. ఆరాక ఒలవాలి. గాలి లేస్తే పని సగంలో పోయినట్టే. నాకు ఈ పనితనం రాలేదు, తెలిసినవాళ్ల పక్కన నీళ్లచెంబు పట్టుకున్నాను.

ఇంటికొచ్చాక తేదీ తేల్చడం. శకవర్షం అంకెల్లో ఉంటే సరే, 78 కలిపితే క్రీస్తుశకం వస్తుంది. పుష్యం తర్వాతి నెలలైతే 79 కావచ్చు. మాటల్లో ఉంటే పజిలే. నేత్రాలంటే రెండు, వేదాలంటే నాలుగు, ఆకాశమంటే సున్న, పైగా కుడినుంచి ఎడమకు చదవాలి. వచ్చిన తేదీకి వారం కుదిరిందా లేదా చూడ్డానికి ఎల్.డి. స్వామికన్ను పిళ్లై 1922లో వేసిన పట్టికలు. అరుగు మీద లాంతరు పెట్టుకుని ఒక సోమవారం కోసం రాత్రి రాత్రంతా కూర్చున్నవాళ్లు నాకు తెలుసు. తేదీకి వారం కుదరకపోతే, తిథి తప్పా, రాయి చెక్కినవాడి తప్పా, లేక శాసనమే తర్వాత ఎవరో పుట్టించిన దొంగదా? ఇప్పుడు ఫోన్లో నొక్కితే వారం వచ్చేస్తుంది. ఆ చాకిరీ పోయినందుకు నాకు రవ్వంత బాధ లేదు.

* * *

బాధ ఉన్నది ఉత్తరాల విషయంలో. తెలియని పదం తగిలితే కార్డు రాసేవాళ్లం. జవాబుకార్డు జతచేసి, పరిచయం లేని పండితుడికి. పదిహేను రోజుల్లో జవాబొచ్చేది, ఆవగింజంత అక్షరాలతో, అడ్రసు రాసే వైపు కూడా సగం ఆక్రమించి. తెలిసింది చెప్పి, తెలియనిదానికి ఇంకొకరి అడ్రసిచ్చేవారు. "నా పేరు చెప్పండి" అని రాసేవారు. ఆ గొలుసులో కరణంగారు కూడా ఒక కొక్కెం. ఊళ్లో ఏ పొలం పేరు ఎందుకొచ్చిందో ఆయనకు కంఠతా వచ్చు. 1984లో గ్రామాధికారుల వ్యవస్థ రద్దయింది. ఒక కుటుంబపు పెత్తనం పోయింది, మంచిదే. ఆ పెత్తనం కింద నలిగినవాళ్లను అడిగితే చెబుతారు ఎంత మంచిదో. కానీ వాళ్ల పెట్టెల్లోని పాత కాగితాలకు దిక్కెవరో ఎవరూ ఆలోచించలేదు. కొన్ని చెదలపాలయ్యాయి, కొన్ని నీళ్లపొయ్యి కిందికి పోయాయి. మా జట్టులో పోయినవాళ్ల చీటీల పెట్టెలదీ అదే దారి. పాత పేపర్లవాడు కిలోలెక్కన తూచుకుపోయాడు.

ఇదంతా చెబుతూ ఆ రోజుల్ని బంగారం చేయబోవడం లేదు. ఆ గొలుసులో ఎవరున్నారు? మేమున్నాం. దాదాపు అంతా మగవాళ్లం, కాస్త ఇంగ్లీషు, కాస్త సంస్కృతం వచ్చినవాళ్లం, పెద్ద కులాలవాళ్లం. గుళ్లో మండపం స్తంభం మీది శాసనం చదవాలంటే ముందు ఆ మండపం దాకా రానివ్వాలి కదా. ఆడపిల్ల ఒక్కతే రైలెక్కి వేటపాలెం వెళ్లి రెండు రాత్రులుండి పత్రికలు తిరగేస్తానంటే పంపిన ఇళ్లెన్ని? వెట్టివాళ్ల సంగతి కైఫీయతులో ఒక మాన్యం లెక్కగా వస్తుంది, ఒక్క పంక్తి. వాళ్ల చరిత్ర వాళ్లు చెప్పుకోలేదా అంటే చెప్పుకున్నారు. జాంబ పురాణం ఉంది, డక్కలివాళ్లు, చిందువాళ్లు ఉన్నారు. కులకథలు చిత్రించిన చేర్యాల పటాలు ఊరూరా తిరిగాయి. ఆ కథ ఊరి బయట నడుస్తున్న రాత్రే మేం అరుగు మీద సోమవారం కోసం లెక్కలు కడుతున్నాం. రాయీ కాగితమే సాక్ష్యమని మాకు మేమే తీర్మానించుకున్నాం.

ఇప్పుడు ఆ తలుపులు చాలావరకు తెరుచుకున్నాయి. డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా పేరుతో లక్షల పుస్తకాలు స్కానయ్యాయి. 2017లో ఆ సైటు మూతపడేనాటికే వాటిలో చాలా భాగం ఇంటర్నెట్ ఆర్కైవ్‌లోకి చేరింది. ఉమ్మడి రాష్ట్రంలో ప్రెస్ అకాడమీ పాత పత్రికలను ఎక్కించింది, ‘భారతి’తో సహా. కడపలోని బ్రౌన్ పరిశోధన కేంద్రం అక్కడి కైఫీయతులను పుస్తకాలుగా అచ్చువేసింది. పేర్లు ఇంగ్లీషక్షరాల్లో ఒక్కొక్కరు ఒక్కోలా కొట్టడంతో ఉన్న పుస్తకం కూడా దొరకదు, అది వేరే సంగతి. కొన్ని పేజీల మీద స్కాన్ చేసిన కుర్రవాడి బొటనవేలు పడింది. అది చూస్తే నాకు సంతోషమే. చెయ్యి మారిందని కనీసం ఆ పేజీ ఒప్పుకుంటోంది. తక్కిన పేజీలు ఆకాశంనుంచి ఊడిపడ్డట్టుంటాయి. ఆ పీడీఎఫ్‌లోంచి ఒక పేరా తీసి అతికించిన పిల్లలకు అది బ్రౌన్ నకలో, నకలుకు నకలో, మధ్యలో ఎవరైనా దిద్దారో తెలియదు. తెలుసుకోవాలన్న అనుమానం కూడా రాదు. తప్పు వాళ్లది కాదు. తెరమీద అన్నీ ఒకే తెలుపు.

పోయిన వేసవిలో ఎంఏ చదివే ఒకమ్మాయి ఫోన్ చేసింది. వాళ్ల నాయనమ్మగారి ఊళ్లో బడి ప్రహరీ పక్కన రాయి ఉందట, ఫొటోలు పంపింది. పొద్దువాలే ఎండలో ఏటవాలుగా తీసింది, అక్షరాలు గుంటలతో సహా కనిపిస్తున్నాయి. మసీ లేదు, బ్రష్షూ లేదు.

"నివేదికల్లో వెతికాను సార్. ఆ ఊరిపేరుతో నెంబరే లేదు."

"రాయి మొదటినుంచీ అక్కడే ఉందా?"

"లేదండీ. రోడ్డు వేసినప్పుడు చెరువుకట్ట మీదనుంచి తెచ్చి పడేశారంట. పక్కింటి చాకలి తాత చెప్పాడు. తెచ్చిన ట్రాక్టరు ఎవరిదో కూడా చెప్పాడు."

"ఆయన పేరు రాసుకున్నావా?"

"ఆయన పేరు, ట్రాక్టరాయన పేరు, ఇద్దరివీ రాసుకున్నాను. చెరువు పక్క ఊరిదంట సార్, అందుకే ఆ ఊరిపేరుతో మళ్లీ వెతుకుతున్నా. అయితే ఆ ఊరికి రెండు పేర్లున్నాయంటున్నారు. పాతది మీకేమైనా తెలుసా?"

అట్టపెట్టె దించుకుంటాను, సాయంత్రం చెయ్యమన్నాను.